జప్తులో కొండ: ముందే తాగిన కాఫీ

మిఖ్లిద్ కర్ర ఎత్తాడు, సత్తాం చెయ్యి అడ్డం పెట్టాడు, కోర్టువారు సీలు వేసిన గానుగ తలుపు ముందు ఎముక విరిగింది. పోయినవారం మనం ఆ చప్పుడు దగ్గర ఆగాం. ఆ కర్ర ఆలివ్ కాయలు రాల్చే కర్ర. రెమ్మ చిట్లకుండా కాయ మాత్రమే రాలేలా కొట్టడం చిన్నప్పటినుంచీ నేర్చిన చెయ్యి మిఖ్లిద్‌ది. చెట్టు మీద చూపించే ఆ దయ చెల్లెలి మొగుడి మీద చూపించలేదు.

కొత్తగా చదువుతున్నవారికి తగువు రెండు ముక్కల్లో చెప్పుకుందాం. ఐన్ తుర్ఫా అనే అరబ్బు ఊళ్ళో హాజీ ధియాబ్ చనిపోతూ ఇద్దరు కొడుకుల్నీ, ఒక కూతుర్నీ, ఊరి పైనున్న ఆలివ్ కొండనీ, దాని కింద నూనె గానుగనీ వదిలిపోయాడు. కొడుకుకి రెండు వంతులైతే కూతురికి ఒకటి అని మతం చెప్పింది, చట్టమూ చెప్పింది. ఊరు మాత్రం ఆడపిల్ల తన వంతు అన్నదమ్ములకి వదిలేసుకోవడమే మర్యాద అంటుంది. తండ్రి సమాధి మీద మట్టి ఆరకముందే పెద్దకొడుకు మిఖ్లిద్ చెల్లెలు ఫిద్దా ముందు కాగితం పెట్టి వేలిముద్ర వేయమన్నాడు. ఆమె వేయలేదు. అన్న ఆ కొండని క్వారీ వాడికి బేరం పెట్టాడని తెలిసి, పట్నం వెళ్ళి కొండ మీదా గానుగ మీదా కోర్టు జప్తు తెచ్చింది. వాటాలు తేలేదాకా కొండ అమ్మకూడదు, గానుగ తిప్పకూడదు. జప్తు ఎత్తేయమని మిఖ్లిద్ పెట్టిన అర్జీని జడ్జి కొట్టేశాడు. ఇక దాన్ని ఎత్తించగలిగేది వేయించిన మనిషి ఒక్కతే. ఫిద్దా తనంతట తాను 'నాకు అక్కర్లేదు' అనాలి.

ఆమె అనదు. ఆ సంగతి మిఖ్లిద్‌కి తెలుసు కాబట్టే ఈ వారమంతా ఫిద్దా ఇంటిమీద రాళ్ళు పడ్డాయి. డాబా మీది నీళ్ళ ట్యాంకుకి ఎవరో తూటాతో చిల్లు పెట్టారు. శుక్రవారం పొద్దున్నే తలుపు తీసేసరికి, పాలిచ్చే నల్లమేక గుమ్మం ముందు గొంతు తెగి పడి ఉంది. పొదుగు నిండుగానే ఉంది.

ఫిద్దా అత్తగారు ఖజ్నా కర్ర పోటేసుకుంటూ వచ్చి మేకని చూసింది. ముసలిదానికి చూపు సగం పోయినా నోరు మాత్రం పూర్తిగా మిగిలింది.

"మీ అన్న మాంసం పంపించాడే. పుట్టింటివాళ్ళు ఇన్నాళ్ళకి సారె పెట్టారు."

"పొద్దున్నే మొదలెట్టకు అత్తా."

"నేనేం మొదలెట్టాను? కోర్టుకెళ్ళింది నువ్వు. ఊళ్ళోవాళ్ళ కాయలన్నీ గోతాల్లో వేడెక్కిపోతున్నాయి. పక్కూరి గానుగ దగ్గర కాచుకుని కాచుకుని వాళ్ళు నన్ను తిడుతున్నారు. రొట్టెలు కాల్చుకోవడానికి ఊరుమ్మడి పొయ్యి దగ్గరికెళ్తే నాకు చోటివ్వడం లేదు."

"వదిలేయమంటావా?"

ముసలిది కర్ర కొసతో మేకని తడిమింది. "నా వాటా నేను వదిలేశానే. మా అన్నలు పండక్కి ఒక జత చెప్పులు పంపారు. అవి కూడా బిగుతే." అని లోపలికి వెళ్ళిపోయింది. వదలమందో, వద్దందో ఫిద్దా అడగలేదు. పెరట్లో గొయ్యి తవ్వి మేకని పూడ్చింది. చెయ్యి కట్టుతో మెడకి వేలాడేసుకున్న సత్తాం ఒంటిచేత్తో మట్టి తోస్తానని వస్తే కసిరి కూర్చోబెట్టింది.

సత్తాం గురించి ఒక మాట చెప్పుకోవాలి, లేకపోతే ఆ సాయంత్రం అతను చేసిన పని మీకు అర్థం కాదు. సైన్యంలో లారీ నడిపి వచ్చిన మనిషి. మంచివాడు. పిల్లలు పుట్టలేదని తల్లి రెండో పెళ్ళికి పిల్లని చూసినప్పుడల్లా, ఏదో లారీ బాగుచేయాలని చెప్పి ఊరొదిలి పారిపోయిన మొగుడు. కానీ ఒక జబ్బుంది. నలుగురు మగాళ్ళు అతని ఇంట్లో కూర్చుని 'నీ అంతటివాడు లేడు' అంటే, ఆ మాట నిజం చేయడానికి ఇంటి కప్పు కూడా పీకి ఇచ్చేస్తాడు. ఫిద్దా పెళ్ళయిన కొత్తలోనే ఈ జబ్బు కనిపెట్టింది. మందు మాత్రం దొరకలేదు.

మధ్యాహ్నం నమాజు నుంచి అతను మొహం వెలిగిపోతూ తిరిగొచ్చాడు.

"సాయంత్రం అసర్ నమాజు అయ్యాక జాహా వస్తోంది. షేక్ మిత్‌ఖాల్ తనే నడిపిస్తున్నాడు. మీ అన్న కూడా వస్తున్నాడు, తల మీద గుడ్డ లేకుండా."

"ఎందుకు?"

"ఎందుకేంటి? నా చెయ్యి విరగ్గొట్టాడు కదా. తప్పైపోయింది, పోలీసు కేసు వద్దు అని అడగడానికి."

"మా అన్నా? నాన్న శవం ముందు కూడా తప్పైపోయిందనని మనిషి."

"షేక్ మిత్‌ఖాల్ నా గడప తొక్కుతున్నాడు ఫిద్దా. మా నాన్న బతికున్నప్పుడు కూడా తొక్కలేదు." అతని గొంతులో సంతోషం చూసి ఫిద్దాకి జాలేసింది, భయమూ వేసింది. "వాళ్ళు ఏం అడుగుతారో పూర్తిగా విను. విన్నాక ఆలోచించుకుంటాను అను. ఈ ఒక్కటీ చెయ్యి చాలు," అంది. అతను సరేనన్నాడు. అప్పటికే అతని మనసు కాఫీ గింజల మీద ఉంది.

జాహా అంటే పెద్దమనుషుల రాయబారం. వస్తారు, కూర్చుంటారు, కాఫీ పోస్తే తాగరు. పెద్దాయన తన కప్పు నేలమీద పెట్టి కోరిక చెబుతాడు. ఇంటాయన 'తాగండి, ఇచ్చాను' అంటే పని అయినట్టు. అనకపోతే కాఫీ చల్లారుతుంది, వచ్చినవాళ్ళ పరువు చల్లారుతుంది. తాగిన కప్పుకి వెనకడుగు లేదు. ఆ ఊళ్ళో నెత్తుటి పగలు కూడా ఇలాగే ఆగాయి, ఆడపిల్లల పెళ్ళిళ్ళు కూడా ఇలాగే కుదిరాయి.

వాళ్ళు వచ్చారు. గది నిండింది, గుమ్మం బయట చెప్పులు గుట్టపడ్డాయి. వంటింటి తలుపు సందులోంచి ఫిద్దా చూసింది. మధ్యలో ఊరిపెద్ద షేక్ మిత్‌ఖాల్, తెల్లగడ్డం, ఒంటి మీద గోధుమరంగు పైఅంగీ, అబా. అతని కుడిపక్కన అన్న మిఖ్లిద్. తల మీద గుడ్డ లేదు గానీ, ఆ తల వంగి కూడా లేదు. తలుపు దగ్గర తమ్ముడు రద్దాద్, ఆమె తన వీపున మోసి పెంచినవాడు. అతను ఎవరివైపూ చూడటం లేదు.

సత్తాం ఎడమచేత్తోనే అందరికీ పోశాడు. కాఫీ దంచిన పొడుగాటి చెక్క రోకలి కుంపటి పక్కనే ఉంది, గదంతా ఏలకుల వాసన. షేక్ కప్పు అందుకుని పెదాలకి తగలనివ్వకుండా ముందున్న తివాచీ మీద పెట్టాడు.

"సత్తాం, బాబూ," అన్నాడు షేక్. "నీ ఇంటికి మేం ఒక కోరికతో వచ్చాం. నువ్వు మగాడివి, మగాడికి పుట్టినవాడివి..."

అంతే. ఆ మాట సత్తాంకి మత్తులా ఎక్కింది.

"తాగండి పెద్దాయనా."

"ఆగు. ముందు విను."

"వినను. నా గడప దాటి వచ్చాక మీచేత అడిగించుకోవడం నాకు చిన్నతనం. విరిగిన చెయ్యి మాదే, విరగ్గొట్టినవాడూ మావాడే. మీరొచ్చిన పని అయిపోయింది, అది ఏదైనా సరే. తాగండి."

షేక్ కప్పు ముట్టుకోలేదు. అతని కళ్ళు ఒక్కసారి మిఖ్లిద్ మీదికి వెళ్ళి తిరిగొచ్చాయి. "చెప్పనివ్వు అబ్బాయ్. తర్వాత మాట రాకూడదు."

వంటింట్లో ఫిద్దా తలుపు చెక్క పట్టుకుంది. ఆపమని అరిస్తే ఆగేవాడే. మగాళ్ళ గదిలోకి ఆడగొంతు వెళ్తే సత్తాం పరువు పోతుందని ఒక్క క్షణం జంకింది. ఆ ఒక్క క్షణంలో సత్తాం తన రొమ్ము మీద చెయ్యి వేసుకున్నాడు.

"ఇంకా నమ్మకం లేదా? నా ఇంటిదానికి తలాఖ్ పడినట్టే, మీరు ఈ కాఫీ తాగకపోయినా, మీరొచ్చిన పని నేను చేయకపోయినా."

అంగట్లో టమాటాలు బేరమాడుతూ కూడా తలాఖ్ మీద ఒట్టేసే మగాళ్ళు అక్కడ చాలామంది. 'ఇంకో ముద్ద తినకపోతే నా పెళ్ళానికి తలాఖ్' అంటూ అతిథులకి మాంసం వడ్డిస్తారు. ఆ ఒట్లు గాలికొస్తాయి, గాలికే పోతాయి. జాహా ముందు, కప్పు నేలమీద ఉండగా వేసిన ఒట్టు అలా పోదు. మగాళ్ళు గుసగుసగా దేవుణ్ణి తలుచుకున్నారు. షేక్ నిట్టూర్చి కప్పెత్తి తాగాడు. అందరూ తాగారు.

"అల్లా నీ ఇల్లు నిలపాలి," అన్నాడు షేక్. "మేం రెండు పనుల మీద వచ్చాం. ఒకటి నీ చెయ్యి. దానికి మిఖ్లిద్ నీ తల ముద్దుపెట్టుకుంటాడు. రెండోది జప్తు. ఈ రెండు రోజుల సెలవూ పోయి ఆదివారం కోర్టు తెరవగానే నీ ఇంటిదాన్ని తీసుకెళ్ళి కొండ మీదా గానుగ మీదా జప్తు ఎత్తించెయ్యి. ఊరి కాయలు పాడైపోతున్నాయి."

సత్తాం మొహంలో రక్తం అంతా ఎటు పోయిందో తెలీదు. "అది... అది నాది కాదు పెద్దాయనా. ఆమెది," అన్నాడు.

"ఒట్టు నీది బావా," అన్నాడు మిఖ్లిద్ నవ్వుతూ. "కప్పులు ఖాళీ అయిపోయాయి. కావాలంటే చూసుకో."

అప్పుడు ఫిద్దా తలుపు తీసుకుని బయటికొచ్చింది. తల మీది గుడ్డ సర్దుకుని, చెప్పులు లేకుండా, మగాళ్ళ మధ్యలోకి వచ్చి నిలబడింది. వెనకే ఖజ్నా కర్ర చప్పుడు. మగాళ్ళలో కొందరు చూపు దించుకున్నారు, కొందరు దించుకోలేదు.

"పెద్దాయనా, మీకు సలాం," అంది. "చెయ్యి విరిగింది ఆయనది. ఆయన క్షమించాడు, మంచిది. ఇల్లు ఆయనది, కాఫీ ఆయనది, పోశాడు. కొండ మా నాన్నది. అందులో నా వంతు దేవుడు ఇచ్చింది. ఆయన తనది కానిది మీకెలా ఇస్తాడు? మీరు తాగింది మా కాఫీ మాత్రమే."

"లోపలికి పో," అన్నాడు మిఖ్లిద్.

"నీతో కాదు నేను మాట్లాడేది."

షేక్ గొంతు తగ్గించాడు. "అమ్మా, నువ్వు చెప్పింది తప్పని నేననను. కానీ ఇక్కడ ఒట్టు పడింది. నువ్వు జప్తు ఎత్తించకపోతే ఈ ఇంట్లో నీకు చోటుండదు. పుట్టింటి తలుపు నువ్వే మూసుకున్నావు. ఎక్కడికెళ్తావు?"

ఫిద్దా మొగుడివైపు తిరిగింది. సత్తాం ఆమె కళ్ళలోకి చూడలేక కుంపటివైపు చూస్తున్నాడు. ఆమెకి అతని మీద వచ్చిన కోపం అంతా ఇంతా కాదు. ఇన్నేళ్ళు పిల్లలు లేరని ఎవరేమన్నా వదలనివాడు, నాలుగు మెచ్చుకోలు మాటలకి వదిలేశాడు.

"ఎక్కడికైనా వెళ్తాను," అంది. "జప్తు మాత్రం ఎత్తించను. ఆ కొండ మీద క్వారీ మందుగుండు పేలితే మా నాన్న నాటిన ఒక్క చెట్టు మిగలదు. పొయ్యి దగ్గర మా అత్తకి చోటివ్వని వాళ్ళకి నా చెట్లు నేనివ్వను."

"కడుపు పండనిదానికి కొండెందుకే?" అన్నాడు మిఖ్లిద్. "ఎవరికి దాచిపెడతావు?"

"నీకు కాదు. అది చాలు."

ఎవరో నవ్వారు. ఆ నవ్వే చేటు తెచ్చింది. మిఖ్లిద్ లేచాడు. జేబులోంచి మడతపెట్టిన కాగితమూ ముద్ర సిరా డబ్బీ తీశాడు, అంటే ముందే తయారుగా వచ్చాడన్నమాట. రెండంగల్లో చెల్లెలి జుట్టు గుడ్డతో సహా పట్టుకుని గుమ్మం వైపు లాగాడు. ఆమె తల గుమ్మం చెక్కకి ఠప్పున తగిలింది. సిరా డబ్బీ కింద పడి తివాచీ నల్లబడింది. ఆ నల్లటి తడిలో ఆమె బొటనవేలు అదిమి కాగితం మీదికి లాగుతుంటే, ఆమె అతని మణికట్టు పళ్ళతో పట్టుకుంది. వదల్లేదు. నోట్లో ఉప్పగా రక్తం తగిలింది, అది ఎవరిదో తెలీలేదు. అతను గట్టిగా అరిచి, మళ్ళీ ఒకసారి, ఇంకోసారి ఆమె తలని ఆ చెక్కకేసి కొట్టాడు. నుదురు చిట్లి నెత్తురు కళ్ళలోకి దిగింది.

గదినిండా మీసాలున్నాయి. ఒక్కటీ కదల్లేదు. అన్న చెల్లెల్ని కొడితే మధ్యలోకి వెళ్ళకూడదని కొందరు, షేక్ లేవలేదని కొందరు, అలాగే కూర్చుండిపోయారు. కదిలింది ఖజ్నా ఒక్కతే. చూపు సరిగా ఆనని ఆ ముసలిది కర్రెత్తి మిఖ్లిద్ వీపు మీద కొట్టింది. అతను మోచేత్తో తోశాడు. ఆమె కుంపటి మీద పడింది. కాఫీ పాత్ర బోర్లాపడి నిప్పులు బుస్సుమన్నాయి, ఆమె చెయ్యి కాలిన వాసన గదంతా అలముకుంది.

సత్తాం అప్పటికి లేచాడు. అతని కుడిచెయ్యి కట్టులో ఉంది. ఎడమచేత్తో కాఫీ రోకలి అందుకున్నాడు. మిఖ్లిద్ మళ్ళీ ఫిద్దా తల వెనక్కి లాగుతుండగా రోకలి అతని కణత మీద దిగింది. పచ్చి కొమ్మ విరిగినట్టు వినిపించింది. మిఖ్లిద్ మోకాళ్ళ మీద కూలి, పక్కకి ఒరిగి, తివాచీ మీద పడిపోయాడు. చెవిలోంచి నెత్తురు సన్నగా కారింది. సత్తాం మళ్ళీ ఎత్తిన రోకలికి షేక్ మిత్‌ఖాల్ అడ్డం పడ్డాడు. ఆ దెబ్బ కాస్తా ముసలాయన భుజం మీద పడింది, అయినా సత్తాం చేతిలోంచి రోకలి వదిలించేదాకా తప్పుకోలేదు.

అప్పుడు లేచారు మగాళ్ళు. లేచి అరవడం మొదలెట్టారు. జాహాని ఇంట్లో కొట్టారని ఒకడు, జాహాలో వచ్చినవాడే ఆడదాని మీద చెయ్యి వేశాడని ఇంకొకడు, ఒకరి గొంతుక ఒకరు పట్టుకున్నారు. కిటికీ అద్దం పగిలింది. ఎవడి పళ్ళో ఊడాయి. షేక్ తన కప్పు నేల మీంచి తీసి గోడకేసి కొట్టేసరికి కాస్త సద్దుమణిగింది.

"అందరూ వినండి," అన్నాడు. భుజం పట్టుకుని వణుకుతున్నాడు, నొప్పితోనో సిగ్గుతోనో. "నా నీడలో వచ్చినవాడు ఈ ఇంటి ఆడదాన్ని ఈ ఇంట్లోనే కొట్టాడు. నా మొహం కోసేశాడు, నా పరువు తీశాడు. నా కోరిక నేను వెనక్కి తీసుకుంటున్నాను. మేం ఈ ఇంటికి ఏ పని మీదా రాలేదు, ఏమీ అడగలేదు. అడగని దానికి ఒట్టు లేదు. సత్తాం, నీ ఇంటిది నీ ఇంట్లోనే ఉంది."

కుంపటి పక్కన కాలిన చెయ్యి ఒళ్ళో పెట్టుకుని కూర్చున్న ఖజ్నా తలెత్తింది. "ఇంత తెలివి తాగకముందు ఎక్కడ పెట్టుకున్నావు పెద్దాయనా?"

షేక్ వంగి మిఖ్లిద్ ముక్కు దగ్గర వేళ్ళు పెట్టి చూశాడు. "ఊపిరుంది. బండి తీయండి," అన్నాడు. నలుగురు కలిసి అతన్ని పికప్ వెనక వేశారు. షేక్ కూడా ఎక్కి ఆ తల ఒళ్ళో పెట్టుకున్నాడు. మిగతావాళ్ళు చెప్పులు వెతుక్కుని, ఒకరి మొహం ఒకరు చూడకుండా జారుకున్నారు. మాట్లాడుకోకుండా అంతమంది మగాళ్ళు ఒక ఇంట్లోంచి వెళ్ళడం ఫిద్దా అంతకు ముందు చూడలేదు.

రద్దాద్ వెళ్ళలేదు.

ఫిద్దా బావి గట్టు దగ్గర కూర్చుని నుదుటికి గుడ్డ అదుముకుంటోంది. తమ్ముడు వచ్చి ఎదురుగా గొంతుక్కూర్చున్నాడు. చిన్నప్పుడు అన్నం కోసం అలాగే కూర్చునేవాడు.

"అక్కా, నొప్పిగా ఉందా?"

"లేచి అన్నని పట్టుకోలేకపోయావురా."

"ఇప్పుడది వదిలెయ్. విను. అన్న పోతే ఆచారం ఏమంటుందో నీకు తెలుసు. పొద్దుగుంకేలోగా సత్తాం, అతని చిన్నాన్నలు, వాళ్ళ పిల్లలు, అందరూ ఊరొదలాలి. ఇళ్ళకి తాళం కూడా వేసుకోనివ్వరు. నువ్వు వెళ్ళక్కర్లేదు. నువ్వు మా నెత్తురు. ధియాబ్ కూతురివి."

"అన్న నా తల బద్దలుకొట్టాడు. ఊరంతా చూసింది. నా మొగుడు నన్ను కాపాడుకున్నాడు. దానికి ఊరొదలడమేంటి?"

"అదే చెప్తున్నా." అతను దగ్గరికి జరిగాడు. "ఆడదాని మీద చెయ్యి వేసినందుకు కొట్టాడని తేలితే సత్తాంని ఎవరూ కదిలించలేరు. అన్న నెత్తురు ఉత్తినే పోతుంది. నేను ఊళ్ళో తలెత్తలేను. అన్న నిన్ను ముట్టుకోలేదని తేలితే, ఇంటికొచ్చిన అతిథిని కొట్టినవాడవుతాడు. ఇంక అతన్ని దేవుడు కూడా కాపాడలేడు. పోలీసులు వస్తున్నారు. కాగితం చూపించాడంతే, నేనే కంగారుపడి గుమ్మానికి తగిలానని చెప్పు."

"గదిలో ఉన్నవాళ్ళంతా గుడ్డివాళ్ళా?"

"జాహాలో వచ్చినవాడు ఆడదాన్ని కొట్టాడని ఒప్పుకుంటే వాళ్ళందరి పరువూ పోతుంది. ఒక్కడూ నోరు విప్పడు. పెద్దాయన కూడా తన మొహం తనే కోసుకోడు, పోలీసుల ముందు అసలే కోసుకోడు. ముసలిది సత్తాం తల్లి, ఆమె మాట ఎవరు నమ్ముతారు? నీ మాటే మిగిలింది."

ఫిద్దా గుడ్డ మడత మార్చి మళ్ళీ అదుముకుంది. అతను గొంతు ఇంకా తగ్గించాడు.

"జప్తు నువ్వు ఎత్తించక్కర్లేదక్కా. నేనే కోర్టుకొచ్చి నీ వాటా ఒప్పుకుంటాను. క్వారీ వాడిని పంపించేస్తాను. కొండకి ఎగువ సగం, ఆ పాతచెట్లతో సహా, నీ పేరున రాయిస్తాను. ఇంటికి పెద్దని నేనే అవుతాను కదా."

"అన్న ఇంకా చావలేదురా."

"అందుకే తొందరగా చెప్తున్నా," అన్నాడు రద్దాద్.

కొట్టిన అన్న కంటే, ఎదురుగా కూర్చుని మెల్లగా మాట్లాడుతున్న ఈ తమ్ముడే ఆమెని ఎక్కువ భయపెట్టాడు. అయినా అతను ఇస్తానన్న దాని మీదికి మనసు వెళ్ళకుండా ఉండలేదు. దాని కోసమే కదా రాళ్ళు తిన్నది, మేకని పూడ్చింది, ఇవాళ తల పగలగొట్టుకుంది. ఒక్క మాట అంటే జప్తు దానంతట అదే లేచిపోతుంది, కొండ ఆమె చేతికొస్తుంది.

పోలీసు జీపు వాకిట్లో ఆగింది. రద్దాద్ లేచి పక్కకి తప్పుకున్నాడు. తల్లి చేతికి వెన్న రాస్తున్న సత్తాం లేచి ఫిద్దా దగ్గరికొచ్చాడు. తమ్ముడు ఏం బేరం పెట్టాడో అతను వినలేదు గానీ, ఊహించలేనంత అమాయకుడు కాదు.

"ఫిద్దా," అన్నాడు. "ఇవాళ నలుగురి ముందు నా నోటితో నిన్ను అమ్మేశాను. పెద్దాయన ఒట్టు తిప్పిచ్చినా ఆ మాట నేనన్నది పోదు. నువ్వేం చెప్పుకుంటావో చెప్పుకో. నీ నోటికి నేను అడ్డం రాను."

"అమ్మేసేముందు వినమని చెప్పాను కదయ్యా నీకు," అంది ఆమె.

అధికారి కుర్రవాడు కాదు, నడివయసు వాడు, ఆ ప్రాంతం తగువులు ఎన్నో చూసినవాడు. తివాచీ మీది నెత్తురు చూశాడు, సిరా చూశాడు, గోడ కింది కప్పు పెంకులు చూశాడు. బయటికొచ్చి ఫిద్దా ఎదురుగా నిలబడ్డాడు. ఆయన చేతిలో ఫోను మోగింది. విన్నాడు, "సరే" అన్నాడు, పెట్టేశాడు. ఆసుపత్రి నుంచా అని రద్దాద్ అడిగాడు. ఆయన ఫోను జేబులో వేసుకున్నాడు.

"అమ్మా," అన్నాడు, "ఆసుపత్రి నుంచి ఏం చెప్పారో నీకు తర్వాత చెప్తాను. అది వినకముందే నువ్వు నాకొక సంగతి చెప్పాలి. నీ నుదుటి మీద దెబ్బ ఎవరు కొట్టారు?"

వాకిట్లో ఒక పక్క తమ్ముడు. ఇంకో పక్క మొగుడు. గుమ్మంలో ఖజ్నా, మసకకళ్ళు కోడలి గొంతు వచ్చేవైపు తిప్పుకుని నిలబడింది.

ఫిద్దా నుదుటి మీది గుడ్డ తీసేసింది. నెత్తురు మళ్ళీ కనుబొమ్మ మీదికి దిగింది, తుడుచుకోలేదు.

"రాసుకోండి," అంది.